ఖాళీ చేసే ఇంటికి సున్నం

మొదటి రోజు

నా పేరు గనగళ్ల దానయ్య. వయసు డెబ్బై రెండు. తూరుపుదిబ్బ దీవి రేవుకి సాక్షిని. ఈ పుస్తకం సమాఖ్య ఇచ్చింది, పెన్నులు మండలం ఇచ్చింది. ఇద్దరూ ఇచ్చారు కాబట్టి ఇద్దరినీ నమ్మను.

నేటినుంచి నలభై రోజుల్లో మండలం సైన్యం మా దీవి ఖాళీ చెయ్యాలి. ఏ ఓడ వచ్చింది, ఏ ఓడ పోయింది, ఎవడు ఏమన్నాడు, నేను చూసిందీ విన్నదీ చేత్తో రాయాలి. యంత్రం రాస్తే చెల్లదు. యుద్ధంలో యంత్రాలు చూపించిన దొంగ బొమ్మలు నమ్మి మండలమూ సమాఖ్యా ఒకరి పట్టణాలు ఒకరు కాల్చుకున్నారు. బుద్ధి వచ్చాక ఒడంబడికలో రాసుకున్నారు: ఆ చోట పుట్టిన మనిషి చేతిరాతే సాక్ష్యం అని.

నేను చదువుకున్నవాణ్ణి కాను. యుద్ధం పదకొండేళ్ళూ మండలం మమ్మల్ని శిబిరంలో పెట్టింది. అక్కడ యాభై ఎనిమిదో ఏట అక్షరాలు దిద్దాను. దీవిలో నాకన్నా బాగా రాసేవాళ్ళు పదిమంది ఉన్నారు. కానీ నా చేత ఇంతవరకు ఎవడూ అబద్ధం చెప్పించలేదు. అందుకని నన్ను పెట్టారు. గొప్పకి చెప్పడం కాదు. గొప్పే అయితే మాత్రం ఏం.

మూడేళ్ళయింది మేం తిరిగొచ్చి. తొంభై మందిమి తూరుపు వాలులో గుడిసెలు వేసుకున్నాం. పడమటి రేవు, లోతైన నీళ్ళు, గట్టి ఇళ్ళు ఇంకా వాళ్ళ చేతిలోనే ఉన్నాయి.

వాళ్ళ నాయకుడు ఒర్లాక్. నలభై ఏళ్ళుంటాయి. మన భాష బడిలో నేర్చుకున్నాడు, అందుకని పాఠ్యపుస్తకం లేచి నడిచొచ్చినట్టు మాట్లాడతాడు.

"దానయ్య గారూ, నేటి నుండి మేము నిష్క్రమించుచున్నాము."

"ఏటి సేస్తన్నారు?"

"నిష్క్రమించుచున్నాము."

తెలిసిన మాట చెప్పమన్నాను. "వెళ్ళుచున్నాము" అన్నాడు. అది రాసుకున్నాను.

ఈ రోజు ఒక ఓడ పోయింది. పొడుగు ఫిరంగులు నాలుగు ఎక్కించారు.

నాలుగో రోజు

ఓడ లేదు. మండలం సిపాయిలు వాళ్ళు పడుకునే బారకాసులకి సున్నం వేస్తున్నారు.

నేను కాపలా కూర్చున్న పడమటి రేవుకి బంగారి గంజి తెచ్చింది. బంగారి నా తమ్ముడి భార్య, ఇప్పుడు దీవికి పెద్ద. అరవై దాటింది, నోరు మాత్రం ఇరవైలోనే ఆగిపోయింది.

"బావా, ఆ పుస్తకం నీకు రెండో పెళ్ళామైపోనాది. దాన్నొగ్గీసి గంజి తాగు."

"ఆళ్ళు సున్నం కొడతన్నారు, సూడు."

"కొట్టనీ. మనం పోయి ఉంటే సుబ్బరంగా ఉంటాది."

"ఖాళీ సేసే ఇంటికి ఎవడైనా సున్నం కొడతాడేటి? నువ్వు కొడతావా?"

బంగారి చెయ్యి అడ్డం పెట్టుకుని అటు చూసింది. ఒక సిపాయి తలుపు బందులకి నూనె రాస్తున్నాడు. ఇంకొకడు రేవు గుంజలకి పాత తాళ్ళు తీసి కొత్తవి కడుతున్నాడు.

"నాను కొట్టను" అంది.

ఆరో రోజు

ఓడ లేదు. రోజంతా వాన.

తొమ్మిదో రోజు

ఈ రోజు రెండు ఓడలు వచ్చాయి, రెండూ పోయాయి. ఒర్లాక్ నా దగ్గరికి వచ్చి "సామానులు తరలించుచున్నాము" అని రాసుకోమన్నాడు. అతను చెప్పాడని రాస్తున్నాను. నేను చూసింది కూడా రాస్తున్నాను.

ఓడ బరువు ఎక్కితే మునుగుతుంది, దిగితే తేలుతుంది. ఇది తెలియడానికి బడి అక్కర్లేదు. వీటికి అడుగున ఎర్ర రంగు, పైన నల్ల రంగు. వచ్చినప్పుడు మొదటి ఓడ పక్కన ఎర్ర రంగు కనిపించలేదు, నల్ల రంగే నీళ్ళను తాకుతోంది. పోయేటప్పుడు ఎర్ర రంగు నా నిలువెత్తు కనిపించింది. రెండోదీ అంతే. ఖాళీ చేసి పోయేవాళ్ళ ఓడ ఖాళీగా రావాలి, బరువుతో పోవాలి. ఇక్కడ లెక్క తిరగబడింది.

పదో రోజు

పొద్దున్నే పడమటి రేవుకి వెళ్ళి నిన్న ఏం దించారని అడిగాను. ఒర్లాక్ దాచలేదు. తలుపు తీసి చూపించాడు. బియ్యం బస్తాలు, పప్పు, దీపాలు, గోడ పొడుగునా మడతపెట్టిన కంబళ్ళు. తుపాకి ఒక్కటి లేదు.

"ఇవి మా కానుక. దీవి ప్రజలకు."

"మేం తొంభై మందిమి. కంబళ్ళు ఎన్ని?"

"రెండు వందలు."

"మా ఒక్కో మనిషికి రెండేసి, ఇంకా మిగుల్తాయి."

ఒర్లాక్ ఆలోచించాడు. "చలి ఎక్కువగా ఉండవచ్చును" అన్నాడు.

మా దీవిలో చలికాలం చొక్కా విప్పుకునే తిరుగుతాం. రెండు వందలు మళ్ళీ వచ్చే సిపాయిల లెక్క. వెనక్కి వచ్చేవాడు పరుపు వేసుకుని పోతున్నాడు. అయితే ఏ హక్కుతో వస్తాడు? అది తెలియలేదు. తలుపుకి తాళం వేసి, తాళంచెవి నా చేతిలోనే పెట్టాడు. అదీ నాకు నచ్చలేదు. దొంగే తాళంచెవి చేతికిచ్చాడంటే తలుపుతో అతనికి పని లేదన్నమాట.

పదిహేడో రోజు

సమాఖ్య నుంచి తనిఖీ అధికారి వచ్చింది. రెండు గంటలు ఉంది. కొబ్బరినీళ్ళు తాగింది. నా పుస్తకం తిరగేసి "చాలా బాగుంది తాతగారూ" అంది. నేను చదివే వేగంతో చదివితే ఆమెకు రెండు రోజులు పట్టాలి.

సున్నం, కంబళ్ళు, ఓడల సంగతి చెప్పాను.

"యుద్ధం తర్వాత మండలం విధానం మారింది తాతగారూ. పరాయి నేల మీద వాళ్ళ జెండాలన్నీ దించేస్తున్నారు. పిలవకుండా ఎక్కడికీ వెళ్ళరు. మీరు మీ నోటితో పిలిస్తే తప్ప ఈ దీవికి రాలేరు. పిలిచినట్టు మీ సాక్షి రాయాలి. అంటే మీరే రాయాలి. ఇంకేం భయం?"

"మా పక్క దీవి గవ్వలపాడుకి తిరిగొచ్చేసినారు కదమ్మా."

"గవ్వలపాడు వాళ్ళు పిలిచారు. చేతిరాత ఉంది, నేను చూశాను."

"ఏటని పిలిసినారు?"

అది ఆమెకు గుర్తు లేదు. పోయేముందు ఒక సంగతి చెప్పింది. ఆఖరి రోజు రేవులో ఒర్లాక్ దీవి వాళ్ళ దగ్గర సెలవు అడుగుతాడట. మేం జవాబు చెప్పాలి. జవాబు చెప్పకుండా ఊరుకుంటే, అతను అన్నదానికి ఒప్పుకున్నట్టేనట.

ఊరుకోవడానికి కూడా అర్థం పెట్టినవాడు ఎంత తీరిగ్గా కూర్చుని రాశాడో.

ఇరవై మూడో రోజు

గురయ్య వచ్చాడు. నా మేనల్లుడు, గవ్వలపాడు వాడు. శిబిరం నుంచి ఒక్కరోజు అనుమతి చీటీ మీద వచ్చాడు. చెంపలు లోపలికి పోయాయి. చేపల పులుసు పెడితే ముల్లు కూడా వదల్లేదు.

"మేం పిలవనేదు మావా. ఒక్కడూ పిలవనేదు. ఆళ్ళు ఎలిపోనారు, మేం సేపల ఏటకెళ్ళిపోనాం. ఎనిమిది నెలలకి పది ఓడలు దిగినాయి. 'మీరే కదా పిలిసినారు' అన్నారు. మీ రక్షణ కోసమని మమ్మల్ని మళ్ళీ శిబిరంలోకి తోలీసినారు."

"సాచ్చికం రాసినోడెవడు?"

"మా రాములన్న. ఆడు నీలాటోడే. సచ్చినా అబద్ధం రాయడు."

చొక్కా లోపల కుట్టుకుని తెచ్చిన కాగితం విప్పాడు. వాళ్ళ పుస్తకంలో ఆఖరి పేజీకి నకలు. నేను ఒక్కో అక్షరం మీద వేలు పెట్టి చదివాను. "మండలం వారు సెలవు తీసుకున్నారు. మేము మర్యాద చేసి పంపించాము. వెళ్ళి రండి అని అందరము అన్నాము. సాక్షి పిక్కి రాములు."

మూడుసార్లు చదివాను. అందులో తప్పేమీ కనిపించలేదు. ఎవడైనా అంతే అంటాడు, అంతే రాస్తాడు.

పొద్దు వాలకముందే గురయ్య లేచాడు. గుమ్మం దాటుతూ అన్నాడు.

"ఎల్లొస్తాను మావా."

నా నోరు దానంతట అదే తెరుచుకుంది. "ఎల్లి" అన్నాను. అక్కడ నా చూపు ఆ కాగితం మీద పడింది.

"మిగతా సగం అను మావా. పడవెక్కాలి."

"రా" అన్నాను.

ఆ రెండు ముక్కల మధ్య సందు ఎక్కువైపోయింది. పిలిచాననుకుని గురయ్య వెనక్కి తిరిగి, లోపలికొచ్చి, చాప మీద కూర్చున్నాడు. "ఏటి మావా, ఎందుకు పిలిసినావు?" అన్నాడు.

ఇద్దరం ఆ కాగితం వైపు చూశాం. 'రండి' అన్న ముక్క మీద వేలు పెట్టాను.

ఇరవై నాలుగో రోజు

రేడియోలో సమాఖ్యకి చెప్పాను. వెళ్ళి రండి అంటే మా దగ్గర పిలుపు కాదు, పంపకం అని చెప్పాను. సాయంత్రం జవాబు వచ్చింది. భాషా విషయాలు తమ శాఖ పరిధిలోకి రావట. వాళ్ళకి తెలియదో, తెలిసే ఊరుకున్నారో. ఊరుకుంటే ఒప్పుకున్నట్టే అని వాళ్ళే కదా రాసుకున్నారు.

బంగారికి అంతా చెప్పాను. ఆవిడ వల బాగుచేస్తూ విన్నది.

"అయితే సేమంగా ఎల్లండి అందాం. రండి అనొద్దు."

"ఆడు అడిగేదే 'వెళ్ళి వస్తాము' అని. దానికి ఏ మంచి మాట సెప్పినా ఒప్పుకున్నట్టే. పొండి అనాల. మళ్ళీ రావొద్దు అనాల."

బంగారి చేతిలో సూది ఆగింది.

"నీళ్ళ మీదకెళ్ళేవోడితో ఆ మాట అనే నోరు ఈ దీవిలో నేదు బావా."

ఉంది. అది మా ఇద్దరికీ తెలుసు. ముప్పై ఏళ్ళ కిందట నా తమ్ముడు నీలయ్యా నేనూ ఒక వల కోసం పోట్లాడుకున్నాం. తెల్లారి వాడు తెప్ప తోసుకుంటూ "పోయొస్తాను అన్నా" అన్నాడు. "పో" అన్నాను. మూడు రోజులకి తెప్ప వచ్చింది, వాడు రాలేదు. బంగారి ఆ సంగతి ఈ ముప్పై ఏళ్ళలో ఒక్కసారి కూడా ఎత్తలేదు. ఈ రోజూ ఎత్తలేదు. సూదికి దారం ఎక్కించుకుంది.

"దీవి పెద్దని నాను. జవాబు నన్నే అడుగుతాడు. నాను అనలేను. శత్రువైనా అనలేను."

"నిన్ననమన్నానా? నానంటాను."

"నువ్వు రాసేవోడివి కదా."

"రాసేవోడికి నోరుండదేటి?"

ముప్పై ఒకటో రోజు

ఒక ఓడ వచ్చింది, నల్ల రంగు నీళ్ళలో. పోయింది, ఎర్ర రంగు పైన.

అందరినీ పోగేసి చెప్పాను: ఆఖరి రోజు రేవులో ఎవరూ నోరు విప్పకూడదు, నేను ఒక్కణ్ణే మాట్లాడతాను. పోలమ్మ ఒప్పుకోలేదు. పోలమ్మకి ఎనభై నాలుగేళ్ళు.

"మంచినీళ్ళ యంత్రం ఆళ్ళది. ఏడాదికోసారి ఆళ్ళొచ్చి లోన ఏటో మారుస్తారు. రాకపోతే ఏటి తాగుతాం, నీ పొగరు తాగుతామా?"

"యుద్ధానికి ముందు ఏటి తాగేవోళ్ళం? వాన నీళ్ళు తాగేవోళ్ళం."

"అప్పుడు వానలుండేవి."

ఆ మాట నిజం. నిజమని ఒప్పుకున్నాను. కానీ పోలమ్మనే అడిగాను, శిబిరంలో నీళ్ళు తియ్యగా ఉండేవి కదా, మళ్ళీ పోతావా అని. పోలమ్మ తన ఇద్దరు కొడుకుల్నీ శిబిరంలోనే పూడ్చింది. చీర చెంగు నోట్లో కుక్కుకుని చూపించింది. "ఇలాగుంటే సాలా?" అంది. అందరూ నవ్వారు.

ఆ తర్వాత అలవాటు చేసుకోవడానికి ఒకళ్ళకొకళ్ళు "ఎల్లొస్తాను" అని చెప్పుకున్నారు. పది మందిలో తొమ్మిది మంది నోరు జారారు. ఒకడికి భార్య చెప్పింది, ఎల్లొస్తాను అని. వాడు గట్టిగా నోరు మూసుకుని తల ఊపాడు. "అబ్బ, ఇన్నాళ్ళకి నా మాట ఇన్నాడు" అంది ఆవిడ.

ముప్పై ఆరో రోజు

ఒర్లాక్ నా గుడిసెకి వచ్చాడు. ఒంటరిగా వచ్చాడు, టోపీ తీసి కూర్చున్నాడు. ఎండుచేప పెడితే తలతో సహా తిన్నాడు. ఇలా తినడం మండలం వాళ్ళకి రాదు. ఎక్కడ నేర్చుకున్నాడో అడగలేదు.

"చివరి దినమున బంగారి గారు మాట్లాడుదురా?"

"ఎందుకు?"

"ఊరికే అడిగితిని."

ఊరికే ఎవడూ రెండు మైళ్ళు ఇసుకలో నడిచి రాడు.

"నాను మాట్లాడతాను" అన్నాను.

అతను నా ముఖం చూశాడు. కళ్ళు దించుకుని చెయ్యి కడుక్కున్నాడు. నాకు తెలిసిపోయిందని అతనికి తెలిసిపోయిందనుకుంటాను. అనుకున్నదాన్ని రాయకూడదంటారు. కొట్టెయ్యడం నాకు రాదు.

"వాతావరణము బాగులేదు" అన్నాడు లేస్తూ. "చివరి ఓడ చిన్నది. నా మనుషులు నూటపది మంది."

"గడువు రెండ్రోజులు పెంచమని అడుగు."

"మా వాళ్ళు పెంచరు. ఒడంబడిక పాటించితిమని చూపవలెను."

ముప్పై తొమ్మిదో రోజు

వాయుగుండం అని రేడియో చెప్పింది. మా పడవలన్నీ ఒడ్డుకి లాగేశాం.

నలభయ్యో రోజు

పొద్దున్న ఏడు గంటలకి మండలం జెండా దించారు. మడతపెట్టి పెట్టెలో పెట్టారు. నూటపది మంది ఎక్కారు, ఒక్కొక్కరిని వేలు చూపి లెక్కపెట్టాను. ఓడ నిజంగా చిన్నదే. ఈసారి బరువుతో పోబోతోంది.

మేం తొంభై మందిమీ రేవులో నిలబడ్డాం. పోలమ్మ చీర చెంగు నోట్లో కుక్కుకుంది. ఒకడు తమలపాకులు నిండా నమిలాడు. సముద్రం బూడిద రంగులో ఉంది. అలలు గుంజలకి కొత్తగా కట్టిన తాళ్ళని లాగుతున్నాయి.

ఒర్లాక్ అందరికంటే చివర మిగిలాడు. ముందు బంగారి ఎదురుగా నిలబడ్డాడు. చేతులు జోడించాడు.

"మేము వెళ్ళి వస్తాము, బంగారి గారూ."

బంగారి నేల చూసింది. నేను ఒక అడుగు ముందుకు వేశాను.

"పొండి" అన్నాను. "మళ్ళీ రావొద్దు. మేం పిలవటం లేదు. ఇప్పుడు పిలవటం లేదు, ఎప్పుడూ పిలవం."

నా గొంతు నాకే పెద్దగా వినిపించింది. వెనక ఎవరో ఊపిరి పీల్చారు. ఒర్లాక్ కదల్లేదు. అతని వెనక ఓడ మీద కుర్రసిపాయిలు ఆకాశం చూస్తున్నారు.

"దానయ్య గారూ. నేను ఒడంబడిక గురించి అడుగుట లేదు. మూడేళ్ళుగా చూచుచున్నాను. వెళ్ళి రండి అను మాట లేకుండ మీ పడవ ఒక్కటియూ కదలలేదు. నేను సముద్రము గురించి అడుగుచున్నాను."

"రెండూ ఒకే నోటితో అడుగుతున్నావు. ఏ సగం సముద్రానిదో, ఏ సగం ఒడంబడికదో నాకెలా తెలుస్తాది?"

అతను ఒకసారి సముద్రం వైపు చూశాడు. ఆ తర్వాత పాఠ్యపుస్తకం మూసేసినట్టు, మా మాటలోనే, మా దీవిలో పుట్టినవాడిలాగే చిన్నగా అన్నాడు.

"ఎల్లొస్తాను, దానయ్యా."

అది నిజంగా భయపడ్డ మనిషి మాటో, ఆఖరి పన్నాగమో నాకు తెలియలేదు. ఇప్పటికీ తెలియదు. తెలిసినదొక్కటే, ఆ మాట వినేసరికి నా నాలుక మీదకి జవాబు వచ్చేసింది. డెబ్బై ఏళ్ళ అలవాటు. పళ్ళు బిగించి ఆపాను. ఆపి, మళ్ళీ అన్నాను.

"పో."

అతను తల వంచి ఓడ ఎక్కాడు.

మండలం అధికారి ఏమన్నాడో, నేను ఏమన్నానో అన్నది అన్నట్టు పైన రాశాను. మా వాళ్ళలో ఇంకెవరూ నోరు విప్పలేదు. పుస్తకం మూసి సంతకం పెడదామనుకున్నాను. కానీ ఓడ కనుమరుగయ్యేదాకా సాక్షి రేవులోనే ఉండాలని నియమం, కాబట్టి ఆ తర్వాతదీ రాయాలి.

ఓడ మలుపు దాటేసరికి గాలి లేచింది. మా వాళ్ళంతా గుడిసెలకి పరుగెత్తారు. బంగారి ఒక్కర్తీ రేవు చివరికంటా వెళ్ళింది. మోకాళ్ళ లోతు నీళ్ళలో నిలబడింది. ఓడ అప్పటికి బొటనవేలంత ఉంది. ఆవిడ చెయ్యెత్తింది. పెదాలు కదిలాయి.

నేను ఆవిడ వెనక నాలుగడుగుల దూరంలో ఉన్నాను. గాలి బాగా వీస్తోంది. ఆవిడ ఏమన్నదో నాకు వినబడలేదు. నాకు వినబడనిది నేను రాయను.

సాక్షి గనగళ్ల దానయ్య.